మ్యాచ్ రీప్లేలు చూస్తున్నా గానీ ఆట మారట్లేదు, అసలు ఎలా చూడాలి?

ఎకోరౌండ్_కుర్రాడు:

అన్నలూ అక్కలూ ఒక డౌటు. కౌంటర్ స్ట్రైక్ 2 (అయిదుగురేసి రెండు టీమ్‌లు తుపాకులతో తలపడే ఆన్‌లైన్ గేమ్, సీఎస్ 2 అంటాం) లో ఓడిపోయిన మ్యాచ్‌ల రీప్లేలు డౌన్‌లోడ్ చేసుకుని చూస్తున్నా ఈమధ్య, అవి చూస్తే ఆట బాగుపడుతుందని అందరూ చెప్తుంటే విని. మొదట్నుంచి చివరిదాకా కూర్చుని చూస్తా, ఎవరో ఒకరు 13 రౌండ్లు గెలిచేదాకా సాగుతుంది కాబట్టి టైమ్ బాగానే పడుతుంది, తీరా చూశాక "ఇక్కడ ఎయిమ్ తప్పింది, అక్కడ టీమ్‌మేట్ రాలేదు" ఇంతకుమించి ఏమీ తేలట్లేదు. మళ్ళీ మ్యాచ్‌లోకి దిగితే అదే ఆట. రీప్లేలో అసలు దేన్ని చూడాలి, ఎవరి వైపు నుంచి చూడాలి?

ఇంకోటి, మ్యాచ్‌లో నేను గోడ వెనక్కి వచ్చేశాక చచ్చానని గట్టిగా అనిపించిన చోట రీప్లేలో చూస్తే నేనింకా బయటే ఉన్నా. అలాగే తల మీద పెట్టి కొట్టిన షాట్ రీప్లేలో పక్కనుంచి పోయినట్టు కనిపిస్తోంది, కానీ హెడ్‌షాట్ పడింది. రెండిట్లో దేన్ని నమ్మాలి? కావాల్సిన చోటికి తిన్నగా వెళ్ళే దారి ఉంటే అదీ చెప్పండి, ముందుకీ వెనక్కీ జరుపుతూ కూర్చుంటే విసుగొస్తోంది.


బనానా_కాపలా:

తమ్ముడూ ముందు మొత్తం మ్యాచ్ చూడటం ఆపెయ్. అందులో సగం టైమ్ నువ్వు చచ్చిపోయి మిగతావాళ్ళని చూస్తున్నదే, ఇంకొంత ఆయుధాలు కొనుక్కునే టైమ్, దాంట్లో నీకు దొరికేది చాలా తక్కువ. మ్యాచ్‌కి ఒక మూడు రౌండ్లు పట్టుకో చాలు. ఏవంటే, మీ టీమ్ మొత్తం ఫుల్ బై చేసి (మంచి తుపాకులూ కవచాలూ అన్నీ కొనుక్కుని), అయిదుగురూ బతికున్నప్పుడు నువ్వే ముందుగా చచ్చిపోయిన రౌండ్లు. ఒకళ్ళు ఊరికే పోయి అయిదుకి నలుగురైతే ఆ రౌండ్ గెలవడం ఎంత కష్టమో తెలుసుగా, అందుకే అవే ముందు.

చచ్చిన క్షణం నుంచి ఒక 20 సెకన్లు వెనక్కి వెళ్ళు. నీ కళ్ళతోనే, నీ ప్లేయర్ మీదే కెమెరా పెట్టు, కానీ ఎక్స్‌రే ఆపెయ్యాలి, ఇది మాత్రం మర్చిపోవద్దు. ఎక్స్‌రే ఆన్‌లో ఉంటే గోడల వెనకాల ఉన్న ప్రతివాడూ మెరుస్తూ కనిపిస్తాడు, అది చూసి "అరె వాడక్కడే ఉన్నాడు కదా నేనెందుకు వెళ్ళాను" అనిపిస్తుంది, ఆ టైమ్‌లో నీకా సంగతి తెలీదు కదా, తెలీనిదాన్ని పట్టుకుని తిట్టుకుంటే ఒరిగేదేం లేదు. ఆఫ్ చేసి చూస్తే అప్పుడు నీకు నిజంగా ఏం తెలుసో అదే కనిపిస్తుంది. చావడానికి ఓ అయిదు సెకన్ల ముందు పాజ్ కొట్టి రాడార్ (స్క్రీన్ మూలన ఉండే చిన్న మ్యాప్) చూడు. ఎంతమంది కనబడ్డారు, బాంబ్ ఎటుంది, నీ వెనకాల ఎవరన్నా ఉన్నారా, నువ్వు పోతే నిన్ను చంపినవాణ్ణి వెంటనే కొట్టే దూరంలో మనవాడున్నాడా, ఇవి పైకి అనుకో. నోటితో అంటే తేడా తెలుస్తుంది, ఊరికే చూస్తే కళ్ళ ముందునుంచి జారిపోతుంది.

ఇప్పుడు అసలు సంగతి. అదే 20 సెకన్లు నిన్ను చంపినవాడి వైపు నుంచి చూడు, హెడ్‌ఫోన్స్ పెట్టుకుని. రీప్లేలో ఎవరి కళ్ళలో ఉంటే వాళ్ళ చెవులు కూడా నీవే. ఉదాహరణకి మిరాజ్ మ్యాప్‌లో నువ్వు టెర్రరిస్ట్ సైడు (బాంబ్ పెట్టే టీమ్), ప్యాలెస్‌లోంచి 'ఏ' సైట్ (బాంబ్ పెట్టే రెండు చోట్లు 'ఏ', 'బి' లో ఒకటి) మీదకి వస్తున్నావనుకో. నీ వైపు నుంచి చూస్తే నువ్వు చక్కగా మూల చెక్ చేసుకుంటూ బయటికొచ్చావు, వాడు రెడీగా ఉన్నాడు, బ్యాడ్ లక్ అనిపిస్తుంది. వాడి వైపు వెళ్ళి వింటే, ప్యాలెస్‌లో టకటకా నువ్వు పరిగెత్తే చప్పుడు మొదట్నుంచీ వాడికి వినిపిస్తూనే ఉంటుంది, చివర్లో నువ్వు షిఫ్ట్ నొక్కి నడవడం మొదలెట్టగానే చప్పుడు ఆగిపోయింది, అంటే ఇంక గుమ్మం దగ్గరే ఉన్నాడని వాడికి తెలిసిపోయింది, గురి అక్కడ పెట్టుకుని కూర్చున్నాడు. ఈ సంగతి నీ స్క్రీన్ మీద ఎన్నిసార్లు చూసినా తెలీదు. నా లెక్కలో రీప్లే అన్నది ఇందుకోసమే, ఎయిమ్ తప్పిందా లేదా అన్నది మ్యాచ్‌లోనే తెలిసిపోతుంది, అవతలివాడికి నా గురించి ఏం తెలుసు అన్నది రీప్లేలో మాత్రమే తెలుస్తుంది.

చూసిన ప్రతి చావుకీ ఫోన్‌లో ఒక్క లైన్ రాసుకో, "ప్యాలెస్, పరుగు వినపడింది" ఇలా. కొన్ని మ్యాచ్‌లయ్యాక వరసగా చదివితే ఏది మళ్ళీ మళ్ళీ వస్తోందో నీకే కనపడుతుంది.


టిక్‌రేట్_బాబాయ్:

పైన చెప్పింది బాగుంది, నేను ఆ గోడ సంగతి చెప్తా, చాలామంది దీన్ని చీటింగ్ అనుకుని గొడవపడుతుంటారు.

మ్యాచ్‌లో నువ్వు చూసేది సర్వర్‌లో (అందరి ఆటనీ కలిపి నడిపే కంప్యూటర్‌లో) జరిగేదాన్ని కాదు, నీ కంప్యూటర్ నీకు చూపించేదాన్ని. నువ్వు కీ నొక్కగానే నీ క్యారెక్టర్ నీ స్క్రీన్ మీద వెంటనే కదులుతుంది, సర్వర్ జవాబు కోసం ఆగదు, ఆగితే ఆట మొత్తం బురదలో నడిచినట్టుంటుంది. కానీ మిగతావాళ్ళు మాత్రం నీకు కొంచెం పాతబడి కనిపిస్తారు, ఎందుకంటే వాళ్ళ కదలిక సర్వర్‌కి వెళ్ళి అక్కడినుంచి నీ దగ్గరికి రావాలి, పైగా కదలిక నున్నగా కనిపించడానికి గేమ్ ఇంకాస్త ఆలస్యం చేసి చూపిస్తుంది. అంటే నువ్వు గోడ వెనక్కి వచ్చేశావు నీ స్క్రీన్ మీద, అదే క్షణంలో వాడి స్క్రీన్ మీద నువ్వింకా బయటే ఉన్నావు. వాడు కొట్టాడు. సర్వర్ ఏం చేస్తుందంటే వాడికి ఆ క్షణంలో ఏం కనిపించిందో అక్కడికి టైమ్‌ని వెనక్కి తిప్పి చూస్తుంది, తగిలిందా అంటే తగిలింది, నువ్వు చచ్చావు. ఇది ఈ ఒక్క గేమ్ అనే కాదు, ఆన్‌లైన్ షూటింగ్ గేమ్‌లు చాలావరకు ఇలాగే పనిచేస్తాయి, ఇలా చెయ్యకపోతే ప్రతి ఒక్కరూ పింగ్‌ని (సర్వర్‌కి వెళ్ళి రావడానికి పట్టే టైమ్‌ని) లెక్కేసుకుని మనిషికి కాస్త ముందు గాల్లో కొట్టాల్సి వచ్చేది.

రీప్లే రాసేది సర్వర్ వైపు. అందుకే అందులో నువ్వు బయట ఉన్నట్టు కనిపిస్తోంది. నీకు గుర్తున్నదీ నిజమే, రీప్లేలో ఉన్నదీ నిజమే, రెండు వేర్వేరు చోట్ల నుంచి చూసినవి. షాట్ కూడా అంతే. సర్వర్ సెకనుకి 64 సార్లు లెక్కేస్తుంది, ఆ ఒక్కో లెక్కని టిక్ అంటారు, ఒక్కో టిక్కి 15 మిల్లీసెకన్ల పైచిలుకు. నువ్వు రెండు టిక్కుల మధ్యలో క్లిక్ చేసినా ఆ సరైన క్షణాన్ని సర్వర్‌కి పంపే పద్ధతి సీఎస్ 2 లో ఉంది, సబ్‌టిక్ అంటారు, కానీ రీప్లేలో నీ గురి టిక్ టిక్కికీ ఎక్కడుందో దాన్ని కలిపి గీసి చూపిస్తుంది కాబట్టి వేగంగా తిప్పి కొట్టిన షాట్లలో గురి పక్కన ఉన్నట్టు కనిపిస్తుంది. కాబట్టి ఎయిమ్ సంగతి రీప్లేలో చూడొద్దు. అది కావాలంటే స్క్రీన్ రికార్డర్ పెట్టుకుని వీడియో తీసుకో, నీ కళ్ళకి కనిపించింది ఉన్నదున్నట్టు ఉండేది వీడియోలోనే. ఎవరెక్కడ నిలబడ్డారు, ఎప్పుడు బయల్దేరారు, ఏం విసిరారు, వీటికి రీప్లేని మించింది లేదు.

కావాల్సిన చోటికి వెళ్ళడానికి, రీప్లే నడుస్తుండగా షిఫ్ట్ ఎఫ్ 2 కొడితే కంట్రోల్ ప్యానెల్ వస్తుంది. సెట్టింగ్స్‌లో డెవలపర్ కన్సోల్ ఆన్ చేసుకుంటే ఇంకా హాయి, డెమో_గోటూటిక్ అని కొట్టి పక్కన టిక్ నంబర్ ఇస్తే తిన్నగా అక్కడికే పోతుంది. 64 తో గుణించుకోవడమే, 20 సెకన్లు వెనక్కంటే 1280 టిక్కులు తగ్గించు. డెమో_టైమ్‌స్కేల్ 0.5 అంటే సగం స్పీడు, 4 అంటే నాలుగింతలు. స్పెక్_షో_ఎక్స్‌రే 0 అంటే ఎక్స్‌రే పోతుంది. అండర్‌స్కోర్లు పెట్టి ఇంగ్లీష్ అక్షరాల్లో కొట్టాలి, స్పెల్లింగ్ సగం కొట్టగానే కన్సోలే మిగతాది చూపిస్తుంది.


ఎకోరౌండ్_కుర్రాడు:

బాబాయ్ ఇంత వివరంగా చెప్పినందుకు చాలా థ్యాంక్స్, గోడ సంగతి ఇప్పుడు అర్థమైంది. ఇంకొక్కటి, కొంచెం పాత మ్యాచ్‌లు లిస్టులో కనిపిస్తున్నాయి గానీ రీప్లే డౌన్‌లోడ్ అవ్వట్లేదు, వాటిని తెచ్చుకునే దారుందా?


టిక్‌రేట్_బాబాయ్:

లేదమ్మా, రీప్లే ఫైళ్ళని వాళ్ళు కొంతకాలమే ఉంచుతారు, తర్వాత లిస్టులో స్కోర్ మిగులుతుంది ఫైల్ మిగలదు. చూడాలనుకున్న మ్యాచ్‌ని ఆడిన రోజే దించుకో, గేమ్ ఫోల్డర్ లోపల రీప్లేస్ అని ఇంకో ఫోల్డర్ ఉంటుంది అందులో పడుతుంది, పేరు మొత్తం నంబర్లే కాబట్టి మ్యాప్ పేరూ తారీఖూ పెట్టి మార్చుకో లేదంటే ఏది ఏదో నీకే తెలీదు. ఇంకో ముక్క, దించుకున్నంత మాత్రాన ఎప్పటికీ తెరుచుకుంటుందని లేదు. రీప్లే అంటే వీడియో కాదు, ఎవరెక్కడున్నారో ఏం చేశారో రాసిన లెక్క, దాన్ని గేమే మళ్ళీ బొమ్మగా గీస్తుంది. గేమ్ పెద్ద అప్‌డేట్‌లో మారిపోతే పాత లెక్క కొత్త గేమ్‌కి అర్థం కాకపోవచ్చు.

కొన్ని గేమ్‌లలో ఇది ఇంకా గట్టిగా ఉంటుంది. స్టార్‌క్రాఫ్ట్ లాంటి స్ట్రాటజీ గేమ్‌లలో రీప్లేలో ఉండేది ప్లేయర్లు ఇచ్చిన ఆర్డర్లు మాత్రమే, ఏ క్షణంలో ఎక్కడ క్లిక్ చేశాడు అంతే, మిగతా యుద్ధం మొత్తాన్ని గేమ్ మొదట్నుంచి మళ్ళీ ఆడి చూపిస్తుంది. అందుకే ఫైల్ చాలా చిన్నగా ఉంటుంది, కానీ ఒక్క సైనికుడి బలం ఒక్క పాయింట్ మారినా తర్వాత జరిగేదంతా తప్పిపోతుంది కాబట్టి ఏ వెర్షన్‌లో ఆడారో ఆ వెర్షన్ కావాల్సిందే. 1993 లో వచ్చిన డూమ్‌లో డెమోలు (రీప్లేలే) కూడా ఇదే పద్ధతి, సెకనుకి 35 సార్లు ప్లేయర్ నొక్కిన కీలు రాసుకునేది. లీగ్ ఆఫ్ లెజెండ్స్‌లో ప్యాచ్ (గేమ్ అప్‌డేట్) మారితే పాత రీప్లేలు ఆడవు, ఓవర్‌వాచ్‌లో ప్యాచ్ రాగానే లిస్టే ఖాళీ అవుతుంది. అంటే దాచుకుని తర్వాత తీరిగ్గా చూద్దాం అనుకుంటే కుదరదు, దాచుకోవాలనిపించిన రౌండ్ ఏదన్నా ఉంటే వెంటనే వీడియో తీసి పెట్టుకోవడమే.


వార్డ్_పెట్టే_అక్క:

నేను డోటా 2 (అయిదుగురేసి హీరోలతో రెండు టీమ్‌లు తలపడే గేమ్) లో సపోర్ట్ (తోటివాళ్ళకి సాయపడే పాత్ర) ఆడతాను, మా దగ్గర రీప్లేలో ఒక మంచి సౌకర్యం ఉంది, దాన్ని వాడుకున్నవాళ్ళు తక్కువ కనిపిస్తారు అందుకే రాస్తున్నా. మ్యాప్ మీద పొగమంచుని (ఒక టీమ్‌కి కనిపించని చోట్లని కప్పేసే చీకటిని) ఏ టీమ్ కళ్ళతో చూడాలో మనమే ఎంచుకోవచ్చు. రెండు టీమ్‌లదీ కలిపి పెట్టుకుంటే అన్నీ కనిపిస్తాయి, అది చూసి లాభం లేదు, పైన బనానా గారు ఎక్స్‌రే గురించి చెప్పిందే. అవతలి టీమ్‌ది పెట్టి, నేను వార్డ్ (చుట్టుపక్కల ఏం జరుగుతోందో మన టీమ్‌కి చూపించే కాపలా కన్ను) పెట్టడానికి వెళ్ళిన దారంతా చూస్తాను. ఏ చెట్ల దగ్గర నేను వాళ్ళ కంటపడ్డానో, ఎంతసేపు కనపడ్డానో తెలిసిపోతుంది. అబ్జర్వర్ వార్డ్ 6 నిమిషాలు ఉంటుంది, పెట్టిన కాసేపటికే వాళ్ళు వచ్చి తీసేస్తే "వాళ్ళకెలా తెలిసింది" అనుకుంటాం, చాలాసార్లు జవాబు అక్కడే ఉంటుంది, నేను ఆ గుట్ట ఎక్కి దిగడం వాళ్ళ మిడ్ ప్లేయర్ (మధ్య దారిలో ఆడేవాడు) కళ్ళారా చూశాడు.

ఇంకొకటి ప్లేయర్ పర్‌స్పెక్టివ్. ఇందులో ఆ ప్లేయర్ కెమెరా ఎటు తిప్పాడో, మౌస్ ఎక్కడ పెట్టాడో కూడా కనిపిస్తుంది. నా స్థాయి కంటే బాగా ఆడేవాళ్ళ మ్యాచ్ పెట్టుకుని, వాళ్ళ ఫైట్లు చూడను, ఫైట్ లేనప్పుడు కెమెరా ఎక్కడెక్కడికి తిప్పుతున్నారో చూస్తాను. ఊరికే లేన్‌లో (తన దారిలో) నిలబడి ఉన్నట్టు కనిపించేవాడు మధ్యమధ్యలో మినీమ్యాప్ మీద క్లిక్ చేసి పక్క లేన్ చూసొస్తుంటాడు, అవతలి హీరో మీద క్లిక్ చేసి ఏం కొన్నాడో చూసుకుంటాడు. మామూలు వీడియోల్లో ఎవరూ ఇది చెప్పరు, వాళ్ళకది ఊపిరి తీసుకున్నంత అలవాటు కాబట్టి చెప్పాలని కూడా తోచదు.


ఫుల్‌బై_చేద్దాం:

నేను మొదటి రిప్లైతో ఒక్క విషయంలో ఒప్పుకోను బ్రో. మొత్తం మ్యాచ్ చూడొద్దంటే డబ్బు లెక్క ఎక్కడ చూస్తాం. చావులన్నీ ఎయిమ్ వల్లో చప్పుడు వల్లో రావు, రెండు రౌండ్ల ముందు కొన్నదాని వల్ల కూడా వస్తాయి. వరసగా ఓడిపోతుంటే వచ్చే డబ్బు 1400 డాలర్లతో మొదలై మెట్లు మెట్లుగా 3400 దాకా పెరుగుతుంది, ఏకే తుపాకీ 2700, కెవ్లార్ కవచం హెల్మెట్‌తో కలిపి 1000, ఆ రెండే 3700, గ్రెనేడ్లు వేరే. ఇది కళ్ళ ముందు పెట్టుకుని నాలుగింతల స్పీడులో మ్యాచ్ మొత్తం తిప్పు, ఫైట్లు వదిలెయ్, ప్రతి రౌండ్ మొదట్లో మాత్రం ఆపి పది మందీ ఏం కొన్నారో చూడు. నలుగురు సేవ్ చేస్తుంటే (కొనకుండా డబ్బు దాచుకుంటుంటే) ఒకడు ఏకే కొనుక్కుని ఒక్కడే చచ్చి అది అవతలివాడికి అప్పజెప్పిన రౌండ్లు ఎన్నో దొరుకుతాయి. అవతలి టీమ్ డబ్బు కూడా రీప్లేలో కనిపిస్తుంది, వాళ్ళ దగ్గర డబ్బుల్లేని రౌండ్‌లో మనం భయపడి వెనక్కి కూర్చున్నామా అన్నది కూడా చూసుకోవచ్చు.


బనానా_కాపలా:

ఇది ఒప్పుకుంటా, నాలుగింతల స్పీడు అయితే సరే. నేనన్నది మామూలు స్పీడులో సినిమాలా చూడొద్దని.


మూల_చెక్_చేయి:

ఎవరి మీదన్నా హ్యాక్ అనుమానం ఉంటే కూడా రీప్లే మంచిదే, అయితే ఒక్క కిల్ చూసి తేల్చెయ్యకండి. పొగలోంచి ఒక హెడ్‌షాట్ ఎవరికైనా పడుతుంది, చప్పుడు వినుండొచ్చు, వాడి టీమ్‌మేట్ చెప్పుండొచ్చు. ఇక్కడ మాత్రం ఎక్స్‌రే ఆన్ చేసుకోవాలి, వాడి కళ్ళలోంచి నాలుగైదు రౌండ్లు వరసగా చూడాలి. గోడ అవతల చప్పుడు చెయ్యకుండా నడుస్తున్న మనిషి వెంట గురి అతుక్కుని పోతోందా, ఎవరూ లేని మూలల్ని అసలు చెక్ చెయ్యడం మానేశాడా, ఈ రెండూ చూస్తే చాలావరకు తెలుస్తుంది. అలా ఏమీ లేకపోతే వాడు బాగా ఆడాడని ఒప్పుకుని వాడి రౌండ్లే ఇంకో రెండు చూడండి, నేర్చుకోవడానికి అంతకంటే మంచి పాఠం దొరకదు. మీ ర్యాంక్‌లోనే, మీరాడిన మ్యాప్‌లోనే, మీ మీదే ఎలా ఆడాలో చూపించినవాడు కదా.

టీమ్‌మేట్ల తప్పులు వెతకడానికి మాత్రం వాడకండి. ఆ క్లిప్ తీసుకెళ్ళి గ్రూప్‌లో పెడితే మీతో ఇంకోసారి ఆడరు.


ఎకోరౌండ్_కుర్రాడు:

అందరూ చెప్పినట్టే చేసి చూశా, ఒకటి బయటపడింది. ఇన్‌ఫెర్నో మ్యాప్‌లో కౌంటర్ సైడు (బాంబ్ పెట్టకుండా ఆపే టీమ్) నేనే బి సైట్ చూసుకుంటా ఎప్పుడూ, రౌండ్ మొదలవగానే బనానాలోకి (బి కి వచ్చే వంకర దారి) మాలీ (మంట పెట్టే గ్రెనేడ్) వేసి వెనక్కొస్తా. నా వైపు నుంచి అంతా పద్ధతిగానే ఉంది. వాళ్ళ వైపు వెళ్ళి చూస్తే మొదటి రెండు రౌండ్లు మాలీలో చిక్కుకుని వెనక్కి పరిగెత్తారు, మూడో దాన్నుంచి ముగ్గురూ బనానా మొదట్లో మలుపు దగ్గర ఆగి, మాలీ పగిలే చప్పుడు కోసం చూస్తున్నారు! ఒకడైతే తుపాకీ పక్కనపెట్టి ఫ్లాష్ (కాసేపు కళ్ళు కనపడకుండా చేసే గ్రెనేడ్) చేతిలో పట్టుకుని నిలబడ్డాడు. మంట ఆరగానే ఫ్లాష్ విసిరి ముగ్గురూ ఒకేసారి వచ్చారు, సరిగ్గా అప్పుడే నేను మళ్ళీ తొంగిచూస్తున్నా ప్రతిసారీ. ఫోన్‌లో రాసుకున్నవాటిలో "బనానా, ఫ్లాష్" అన్నది పదే పదే ఉంది, ఎందుకో ఇప్పుడు తెలిసింది.

అయితే మాలీ మానెయ్యాలా, టైమ్ మార్చాలా? మానేస్తే మొదట్లోనే బనానా మొత్తం వాళ్ళ చేతిలోకి పోతుంది కదా.


బనానా_కాపలా:

భలే పట్టావు తమ్ముడూ. మానెయ్యొద్దు. మాలీ వల్ల నీకొచ్చే లాభం మంట కాదు, వాళ్ళు ఆగే టైమ్. ఆ టైమ్‌లో వాళ్ళు ఎక్కడుంటారో ఇప్పుడు నీకు తెలుసు కాబట్టి ఒక రౌండ్ అలవాటు ప్రకారమే వెయ్యి, మంట ఆరేటప్పుడు మాత్రం తొంగిచూడకు, సైట్‌లోకి తగ్గి పక్కకి తిరిగి నిలబడు, వాళ్ళ ఫ్లాష్ ఖాళీగా పోతుంది, తర్వాత ఒక్కొక్కడూ నీ గురి ముందుకే వస్తాడు. ఇంకో రౌండ్ మొదట్లో ఏమీ వెయ్యకు, నీతో బి చూసే రెండోవాడికి ముందే చెప్పి, వాళ్ళు మాలీ కోసం మలుపు దగ్గర ఎదురుచూస్తుండగా అక్కడే ఒక హై ఎక్స్‌ప్లోజివ్ (పేలే గ్రెనేడ్) పడేలా వెయ్యమను, ముగ్గురూ గుంపుగా ఉంటారు కాబట్టి ముగ్గురికీ తగులుతుంది. దాచుకున్న మాలీ చివరి 30 సెకన్లలో పనికొస్తుంది, టైమ్ లేనప్పుడు మంట ఆరేదాకా ఆగడం వాళ్ళకి కుదరదు.

ఈ రెండూ మార్చి మార్చి ఆడి, ఆ మ్యాచ్ రీప్లేలో నీ వైపు చూడనక్కర్లేదు, ఆ మలుపు దగ్గర ఫ్లాష్ పట్టుకునేవాడి మీద కెమెరా పెట్టి అయిదో రౌండ్ తర్వాత వాడేం మార్చాడో చూసి ఇక్కడ రాయి, దాన్నిబట్టి తర్వాతది చెప్తా.